రియాక్షన్ కథలు రాసేటోళ్లకి ఒక చిట్కా

ఒక షోలో పాత్రలు ఇంగో షో చూస్తా ఏమంటారో రాసేదే రియాక్షన్ కథ. నరుటో అనే జపాన్ కార్టూన్ బ్యాచ్ అంతా కూచోని వన్ పీస్ అనే ఇంగో జపాన్ కార్టూన్ చూస్తే ఎట్లుంటాదో అని కథ రాస్తాండా, తీరా చదివితే అందరూ మా కడప ఏడురోడ్ల కాడ టీ తాగే పిల్లోళ్ల మాదిరి ఒకటే "వామ్మో" అంటాండారు, ఎవురు ఎవురో తెలీలే.

ఇట్ల చేసినా. ఎపిసోడ్‌కి 4 సీన్లే పట్టుకున్నా, సీన్‌కి ఇద్దరే మాట్లాడాల, మిగతావోళ్లు గమ్మునుండాల. వన్ పీస్ హీరో లఫీ మాంసం పీకుతాంటే నరుటో బ్యాచ్‌లో తిండిపోతు చోజీకి నోరూరాల, సోమరి షికమారుకి విసుగు పుట్టాల, అంతే. రాసినాక పేర్ల మీద వేలు అడ్డం పెట్టి మా చెల్లెలితో చదివించినా, ఆ పాప పేరు తప్పు చెప్పిన లైనల్లా కొట్టేసినా. రెండు రాత్రుల పని గంటన్నరలో అయిపాయ.

నరుటో లైన్లకి మాత్రం ఈ పరీక్ష పన్జేయదు, చివర్లో వాని ఊతపదం "దత్తెబాయో" కనపడితే ఎవురైనా చెప్పేస్తారు కదా, ఆ మాట తీసేసి చదివించండి.