మాయా వెలుగుల లోకం రాశారా? చెన్నై నుంచి కాపీరైట్ నమోదుకు దరఖాస్తు విధానం

ఒక లోకం ఉందనుకుందాం. అక్కడ వెలుగుకు శ్రుతులుంటాయి. కెంపు శ్రుతితో పొయ్యి రాజుకుంటుంది, పచ్చ శ్రుతి సోకితే పుండు మానుతుంది, ఊదా శ్రుతి కంటికి ఆనినవాళ్లకే పంచాయతీలో మాట చెల్లుతుంది. అలాంటి లోకాన్ని తెలుగులో రాసుకుని, చెన్నైలో ఉంటూ, దాన్ని కాపీరైట్ రిజిస్టరులో ఎక్కించుకోవాలనుకునేవాళ్లకు ఈ వివరాలు.

ముందు గిండీ ప్రయాణం మానుకోండి. అక్కడి ఆఫీసు పేటెంట్లు, ట్రేడ్‌మార్కులు, భౌగోళిక గుర్తింపులు చూస్తుంది. కాపీరైట్ ఆఫీసు ఢిల్లీ ద్వారకలో ఉంది. దరఖాస్తు ఆన్‌లైన్‌లో వెళ్తుంది కాబట్టి అంత దూరమూ పోనక్కర్లేదు.

అసలు నమోదయ్యేదేమిటో తెలియకే ఎక్కువమంది తప్పటడుగు వేస్తారు. ‘వెలుగు శ్రుతిని బట్టి కులాలు ఏర్పడిన సమాజం’ అన్నది ఊహ. ఊహకు కాపీరైట్ లేదని 1978లో ఆర్.జి. ఆనంద్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. వెలుగు తరంగాల కంపన వేగాన్ని కొలిచే టెరాహెర్ట్జ్ లెక్కలో ఎరుపు 430 దగ్గర, ఊదా 750 దగ్గర ఉంటాయన్నది ప్రకృతి సంగతి, అది ఎవరి సొత్తూ కాదు. ‘పసుపు శ్రుతి కింద అబద్ధమాడితే నీడ రెండవుతుంది’ అన్న నియమం ఒక్కటీ చెప్పి ఊరుకుంటే అదీ ఊహ కిందే పోతుంది. అదే నియమం మీద సాక్షి తన రెండో నీడను కాలితో తొక్కిపెట్టి ఎలా బొంకాడో రెండు పేజీలు రాస్తే, ఆ రెండు పేజీలూ మీవి. అందుకే పాయింట్లుగా రాసుకున్న నోట్సు కంటే, పూర్తి వాక్యాల్లో సాగిన రాతప్రతే పంపండి. శ్రుతుల పేర్లకు, కథ శీర్షికకు విడిగా కాపీరైట్ రక్షణ దొరకదు. ఆ పేరుతో ఆటబొమ్మలో, మొబైల్ గేమో అమ్మే ఆలోచన ఉంటే ట్రేడ్‌మార్కు చూసుకోవాలి. గిండీ అప్పుడు పనికొస్తుంది.

కాపీరైట్ ఆఫీసు వెబ్‌సైటులో యూజర్ ఐడీ తెరిచి, ఫారం 14 నింపాలి. దానికి తోడు రెండు వివరాల పట్టికలుంటాయి. మొదటిదాంట్లో దరఖాస్తుదారు, రచయిత, శీర్షిక, భాష, ప్రచురణ సంగతి అడుగుతారు. శీర్షికను ఇంగ్లిష్ లిపిలో ఎలా రాస్తారో ముందే ఖాయం చేసుకుని ప్రతిచోటా అదే స్పెల్లింగు వాడండి. ఫారంలో ఒకలా, రాతప్రతి మొదటి పేజీలో ఒకలా ఉంటే అభ్యంతరం చేతులారా తెచ్చుకున్నట్టే. రెండో పట్టికలో ఇది సొంత రచనా, అనువాదమా, అనుసరణా అని అడుగుతారు.

సాహిత్య రచనకు ఫీజు 500 రూపాయలు. ఒక్కో రచనకు ఒక్కో దరఖాస్తు. ఆ లోకపు పటం, రంగుల చక్రం బొమ్మ కళాకృతుల కింద విడిగా వెళ్లాలి. గేమ్ ప్రోగ్రామ్ సాహిత్య రచన కిందికే వస్తుంది కానీ దానికీ వేరే దరఖాస్తే. ప్రోగ్రామర్ రాసిన అసలు పాఠం, అంటే సోర్స్ కోడ్, మొదటి 10, చివరి 10 పేజీలు జతచేయాలి. మొత్తం 20 పేజీల లోపే ఉంటే అంతా ఇవ్వాలి. కట్టిన ఫీజు తిరిగి రాదు.

నిరభ్యంతర పత్రాల (ఎన్‌ఓసీ) దగ్గర చాలా దరఖాస్తులు ఆగిపోతాయి. రచయిత ఒకరు, దరఖాస్తుదారు ఒకరు అయితే రచయిత సంతకంతో పత్రం కావాలి. ఇప్పటికే ఎవరైనా ప్రచురించి ఉంటే ఆ ప్రచురణకర్త దగ్గర తీసుకోవాలి. స్నేహితుడు సరదాగా గీసిచ్చిన బొమ్మ లోపల ఉన్నా అతని పత్రం ఉండాల్సిందే, బొమ్మకు కర్త అతనే మరి. గేమ్ కంపెనీలో ఉద్యోగం చేస్తూ ఆ ఉద్యోగంలో భాగంగా రాసినదైతే, వేరే ఒప్పందం లేనప్పుడు, కాపీరైట్ చట్టం సెక్షన్ 17 ప్రకారం మొదటి హక్కుదారు కంపెనీయే.

పీడీఎఫ్ గురించి ఒక మాట. అను అనే పాత పద్ధతి తెలుగు ఫాంట్లలో టైపు చేసిన ఫైలును చెన్నైలో ఏ జిరాక్స్ షాపులోనో తెరిస్తే ‘వెలుగు’ ఉండాల్సిన చోట ఏవో ఇంగ్లిష్ అక్షరాలు, గుర్తులు కనిపిస్తాయి. అక్కడ ఆ ఫాంటు ఉండదు. పరీక్షించే అధికారికీ అలాగే కనిపించవచ్చు. ఏ కంప్యూటరైనా గుర్తుపట్టే అక్షర పద్ధతి యూనికోడ్, అందులోకి మార్చండి, లేదా ఫాంటును పీడీఎఫ్‌లోనే ఇమిడ్చి, అప్‌లోడ్ చేసేముందు ఫోనులో తెరిచి చూసుకోండి. యూనికోడ్‌లోకి మార్చాక ఒత్తులు ఊడిపోతుంటాయి, ఒకసారి మొత్తం చదవాలి.

ఫీజు కట్టగానే డైరీ నంబరు వస్తుంది. అది అందిన దరఖాస్తు గుర్తే, నమోదు కాదు. తర్వాత 30 రోజులు ఎవరైనా అభ్యంతరం చెబుతారేమోనని ఆగుతారు. చెబితే ఇద్దరినీ విచారిస్తారు. చెప్పకపోతే పరీక్షకు వెళ్తుంది. లోపాలుంటే ఉత్తరం వస్తుంది, 30 రోజుల్లో జవాబివ్వాలి. మెయిల్ స్పామ్‌లో పడి గడువు దాటిపోయే ప్రమాదముంది కాబట్టి, డైరీ నంబరుతో వెబ్‌సైటులో స్థితి వారానికోసారి చూస్తుండండి.

నమోదు తప్పనిసరి కాదు, రాసిన క్షణం నుంచే హక్కు మీది. రిజిస్టరులోని నమోదును కోర్టు తప్పని రుజువయ్యేదాకా చెల్లే సాక్ష్యంగా తీసుకుంటుంది, లాభమంతా అక్కడే. అముద్రితంగా నమోదు చేసి తర్వాత పుస్తకం వేస్తే, ఆ మార్పును ఫారం 15తో ఎక్కించాలి.