ఎలక్ట్రిక్ కారుకు ఏ కేబుల్ కొనాలి? ముందు కారు, తర్వాత గోడ చూడండి

లావు కేబుల్ కొంటే కారు తొందరగా ఛార్జ్ అవుతుందని చాలామంది అనుకుంటారు. కానీ ఇంటి కరెంటుతో చేసే ఏసీ ఛార్జింగ్‌లో అసలు ఛార్జర్ కారు లోపలే ఉంటుంది. గోడకు బిగించే డబ్బా, దాని నుంచి వచ్చే కేబుల్ కరెంటును అక్కడిదాకా చేరుస్తాయి, అంతే. కారులో ఉన్నది 3.3 కిలోవాట్ల ఛార్జరైతే, 22 కిలోవాట్ల కేబుల్ తగిలించినా అది తీసుకునేది 3.3 మాత్రమే. అందుకే దుకాణానికి వెళ్లేముందు కారుతో ఇచ్చిన పుస్తకంలో ‘ఆన్‌బోర్డ్ ఛార్జర్’ ఎంతో చూసుకోండి. టియాగో ఈవీ, నెక్సాన్ ఈవీలాంటి వాటిల్లో ఒకే మోడల్‌కు 3.3, 7.2 రెండు రకాలూ వచ్చాయి. పక్కింటివాళ్ల కారు చూసి మీది కూడా అదేనని అనుకోవద్దు.

లెక్క ఇలా ఉంటుంది. 3.3 కిలోవాట్లంటే సుమారు 15 ఆంపియర్లు. 7.2 అంటే సింగిల్ ఫేజ్‌లో 32. 11 కిలోవాట్ల కార్లు మూడు ఫేజుల్లో పదహారేసి ఆంపియర్లు తీసుకుంటాయి. 30 యూనిట్ల బ్యాటరీ నిండడానికి వృథా కలుపుకొని మీటర్లో 33, 34 యూనిట్లు తిరుగుతాయి. అంటే 15 ఆంప్స్ మీద పది గంటలు, 32 మీద ఐదు గంటలకు కాస్త తక్కువ. రాత్రి తొమ్మిదింటికి పెట్టి పొద్దున ఏడింటికి తీసేవాళ్లకు మొదటిదే చాలు. నల్లగొండలోనో పాలమూరులోనో ఊళ్లో తిరిగే కారుకు 32 ఆంప్స్ కోసం ఇంటి వైరింగంతా మార్చాల్సిన పని లేదనే నా లెక్క.

కొనేవి రెండే రకాలు

మన దగ్గర ఇప్పుడు అమ్మే కార్లలో చాలావాటికి ఏసీకి టైప్ 2, రోడ్డు పక్క స్టేషన్లలో చేసే డీసీ ఫాస్ట్ ఛార్జింగ్‌కు సీసీఎస్ 2 సాకెట్ ఉంటుంది. పైభాగం చదునుగా ఉండి ఏడు రంధ్రాలుంటే అది టైప్ 2. దాని కిందనే ఇంకో రెండు పెద్ద రంధ్రాలుంటే సీసీఎస్ 2. విజయవాడ రోడ్డు మీదైనా, జడ్చర్ల దాటి కర్నూలు వెళ్లే రోడ్డు మీదైనా డీసీ స్టేషన్‌లో కారుకు గుచ్చే గన్ను, దాని కేబుల్ మెషీన్‌కే ఉంటాయి, మీరు కొనేదేమీ ఉండదు. పాత ఈ-వెరిటోలాంటి వాటికి డీసీ సాకెట్ వేరు, జీబీ/టీ అంటారు. సెకండ్ హ్యాండ్‌లో తీసుకుంటే సాకెట్ ఫొటో తీసుకొని మరీ అడగండి.

మీరు కొనేది ఒకటి పోర్టబుల్ కేబుల్: ఒక కొసన మూడు పిన్నుల 16 ఆంప్స్ ప్లగ్గు, మధ్యలో లైట్లున్న చిన్న డబ్బా, రెండో కొసన టైప్ 2 గన్ను. ఇది చాలావరకు కారుతోనే వస్తుంది. రెండోది రెండు కొసలా టైప్ 2 ఉండే కేబుల్. గోడ డబ్బాకు గన్ను లేకుండా ఒట్టి సాకెట్ ఉన్నచోటే దీని అవసరం. ఇంట్లో పెట్టించుకున్న డబ్బాకు గన్ను ఉంటే రెండోది కొనకండి, డిక్కీలో బరువు తప్ప లాభం లేదు.

రెండు కొసలా టైప్ 2 ఉండే కేబుల్ నకిలీదైతే దుకాణంలోనే పట్టుకోవడం

మోసం జరిగేది ఎక్కువగా ఇక్కడే. పైన ‘32 ఆంప్స్’ అని అచ్చు వేసి లోపల సన్నటి రాగి పెడతారు. 32 ఆంపియర్లకు ఒక్కో తీగ 6 స్క్వేర్ ఎంఎం ఉండాలి, 16కు రెండున్నర సరిపోతుంది. బరువు చూస్తే కొంత తెలిసిపోతుంది. 5 మీటర్ల సింగిల్ ఫేజ్ కేబుల్‌లో 6 స్క్వేర్ తీగలు మూడుంటే, వాటి రాగే ఎనిమిది వందల గ్రాములు. పైతొడుగు, రెండు ప్లగ్గులు కలిస్తే ఇంకా ఎంతో ఎక్కువ తూగాలి. కేబుల్ మొత్తం కలిపి కిలోకు అటూఇటూ ఉంటే వదిలేయండి. పైతొడుగు మీద ‘3×6’ లాంటి గుర్తు ఉందో లేదో కూడా చూడండి.

తర్వాత ప్లగ్గులోకి చూడండి. పైవరుసలో రెండు చిన్న పిన్నులు, నడిమి వరుసలో మూడు పెద్దవి, కిందివరుసలో రెండు పెద్దవి. కిందివి రెండూ ఖాళీగా ఉంటే అది సింగిల్ ఫేజ్ కేబుల్. 7.2 కారుకు అదే చాలు. 11 కిలోవాట్ల కారుకు పెడితే మాత్రం ఒక్క ఫేజే అందుతుంది. త్రీ ఫేజ్ కేబుల్‌ను సింగిల్ ఫేజ్ కారుకు వాడినా నష్టం లేదు, మోయడమే బరువు.

మల్టీమీటర్ ఉంటే ఇంకో పరీక్ష ఉంది. సరిగ్గా నడిమధ్యలో ఉన్న పెద్ద పిన్ను ఎర్త్. ఆ పిన్నుకూ పైనున్న చిన్న పిన్నులకూ మధ్య, ఒక్కొక్కటిగా, ఓములు కొలవండి. ఒకదానికి రీడింగ్ రాదు. రెండోదానికి 220 ఓములు వస్తే ఆ కేబుల్ తనను 32 ఆంప్స్ అని చెప్పుకుంటోంది, 680 వస్తే 20, 1500 వస్తే 13. గోడ డబ్బా నమ్మేది ప్లగ్గులో ఈ ఓములు చూపించే రెసిస్టర్ అనే చిన్న ముక్కనే, రాగి మందాన్ని కాదు. 20 ఆంప్స్ కేబుల్‌ను 32 సాకెట్‌కు పెడితే గోడ డబ్బాయే కరెంటు తగ్గిస్తుంది, ప్రమాదం లేదు. సన్న తీగకు 220 ఓముల రెసిస్టర్ అతికించిన నకిలీయే కాలిపోయేది. ఛార్జింగ్ సామాను ప్రమాణాలైన ఐఎస్ 17017 గానీ ఐఈసీ 62196 గానీ రాసి లేని దాన్ని అసలు ముట్టుకోకండి.

తప్పు జరిగేది గోడ దగ్గరే ఎక్కువ

పోర్టబుల్ కేబుల్‌తో వచ్చే ఇబ్బందుల్లో చాలావాటికి కేబుల్ కారణం కాదు. గీజర్ పావుగంట నడిచి ఆగుతుంది, కారు పది గంటలు ఆగకుండా 15 ఆంపియర్లు లాగుతుంది. సాకెట్‌లో పిన్ను వదులై 0.1 ఓము అడ్డం పడినా అక్కడ 22 వాట్లకు పైగా వేడి పుడుతుంది. చిన్న సోల్డరింగ్ ఐరన్‌ను రాత్రంతా ప్లాస్టిక్‌లో గుచ్చి ఉంచినట్టే. ప్లగ్గు గోధుమరంగుకు తిరిగిందంటే కారణం ఇదే. కూలర్‌కు వాడి వాడి అరిగిన సాకెట్ కాకుండా కారు కోసం కొత్తది, మంచి కంపెనీది, మీటరు బోర్డు నుంచి విడిగా 4 స్క్వేర్ రాగి వైరుతో వేయించండి. 20 ఆంప్స్ ఎంసీబీ (లోడు మించితే ఆపేసే స్విచ్), 30 మిల్లీ ఆంప్స్ ఆర్‌సీసీబీ (కరెంటు లీకైతే ఆపేసే స్విచ్) ఉండాలి. సర్వీసు అల్యూమినియం వైరును రాగి వైరుకు మెలిపెట్టి టేపు చుట్టే అలవాటు ఇక్కడ పనికిరాదు, ఆ ముడే ముందు కాలుతుంది. 32 ఆంప్స్ డబ్బాకైతే 6 స్క్వేర్, ముప్పై మీటర్లు దాటితే 10 వేయించండి. కరెంటు బిల్లు మీద లోడ్ 1 కిలోవాటే ఉంటే ముందు కరెంటాఫీసులో పెంచించుకోండి.

ఎర్త్ ఇంకో సంగతి. పాత ఇళ్లలో మూడో పిన్ను వెనక వైరే ఉండదు. కేబుల్ మధ్యలోని డబ్బా ఎర్ర లైటు చూపించి మొరాయిస్తుంది. అప్పుడు సాకెట్‌లోనే న్యూట్రల్‌ను ఎర్త్ పిన్నుకు కలిపే ఎలక్ట్రీషియన్లు ఉన్నారు. లైటు ఆకుపచ్చకు మారుతుంది, కారు ఛార్జవుతుంది కూడా. కానీ స్తంభం దగ్గర న్యూట్రల్ తెగిందంటే కారు బాడీకి 230 వోల్టులు వస్తాయి. ఈ పని ఒప్పుకోవద్దు. రెండున్నర మీటర్ల జీఐ పైపుతో, ఉప్పు, బొగ్గు వేసి ఎర్తింగ్ గుంత తీయించండి. మన నేల చాలాచోట్ల బండ, ఎండాకాలం ఎండిపోతే ఎర్త్ బలహీనపడుతుంది. వాడిన నీళ్లు పారే వైపు గుంత పెట్టించి, మార్చి నుంచి రోజూ ఓ బకెట్ నీళ్లు పోయండి.

పొడవు విషయంలో 5 మీటర్లు చాలామందికి చాలు, కారును వెనక్కి తిప్పి పెట్టాల్సి వచ్చే ఇరుకు వాకిలైతే 7 తీసుకోండి. చాలకపోతే ఎక్స్‌టెన్షన్ బోర్డు పెట్టొద్దు, సాకెట్‌నే కారు దగ్గరికి జరపండి. మిగిలిన కేబుల్‌ను చుట్టగా వదిలి ఛార్జ్ చేస్తే చుట్ట లోపల వేడి పోదు, నేలమీద పరిచేయండి. పని అయ్యాక ఎత్తులో కొక్కేనికి తగిలించండి, వడ్ల బస్తాలున్న ఇళ్లలో ఎలుకలు కొరుకుతాయి.

బోర్లు నడిచే వేళ ఊళ్లలో వోల్టేజీ 180కి దిగితే 15 ఆంప్స్ మీద అందేది 2.7 కిలోవాట్లే. కేబుల్ చెడిందని కంగారు పడకండి, అర్ధరాత్రి దాటాక మొదలయ్యేలా కారులో టైమర్ పెట్టండి.

మొదటిసారి పెట్టిన అరగంటకు ప్లగ్గు బాడీని, సాకెట్ పలకను చేత్తో తాకి చూడండి. గోరువెచ్చగా ఉంటే పరవాలేదు. చేయి ఆనించలేనంత వేడి ఉంటే స్విచ్ ఆపి, సాకెట్ మార్పించేదాకా డబ్బా మీదో కారు స్క్రీన్‌లోనో కరెంటును 10 ఆంప్స్‌కు తగ్గించుకొని, వేరే మంచి సాకెట్‌లో ఛార్జ్ చేసుకోండి.