విశాఖ ఆకాశంలో యూఎఫ్‌ఓ తీశారా? పోస్ట్ పెట్టే ముందు ఒకసారి ఇవి చూడండి

ఒక డిసెంబర్‌లో రాత్రి ఎనిమిది గంటలప్పుడు ఆర్కే బీచ్ గోడ మీద కూర్చుని, సముద్రం మీద ఎర్రగా, పచ్చగా, నీలంగా మారుతున్న ఒక వెలుగును వీడియో తీశాను. ఇంట్లోవాళ్ల గ్రూపులో పెడితే తెల్లారేసరికి ఎవరెవరి గ్రూపుల్లోకో వెళ్లిపోయింది. ఆ ఊపులో వరసగా నాలుగు రాత్రులు వెళ్లాను. నాలుగు రాత్రులూ అది వచ్చింది. మా పెదనాన్న వీడియోలన్నీ చూసి, "మన సిటీ బస్సు కూడా ఇంత టైముకి రాదు కదరా" అన్నారు. అప్పుడు టైములు పక్కపక్కన పెట్టి చూశాను. అది రోజుకు నాలుగు నిమిషాల చొప్పున ముందుగా వస్తోంది. నక్షత్రాలు ఉదయించే లెక్క సరిగ్గా అంతే. నేను తీసింది మృగవ్యాధుడిని, అంటే సిరియస్‌ని.

అప్పటి నుంచి నా వీడియోలూ, జనం నాకు పంపేవీ చూస్తూ పోతే, తప్పు ఆకాశంలో కన్నా ఫోన్‌లోనే ఎక్కువగా దొరుకుతోంది. అందుకే మొదట ఫోన్ సంగతి.

సమస్య: కంటికి చుక్క, జూమ్ చేస్తే పళ్లెం

నాకు వచ్చే వీడియోల్లో ఎక్కువ ఇవే. గుండ్రటి బిళ్ల, లోపల నీళ్లలో అలల్లాంటి గీతలు, అంచు మెల్లగా ఉబ్బుతూ తగ్గుతూ ఉంటుంది. కింద "బతికున్నట్టు ఊపిరి పీలుస్తోంది చూడండి" అని రాస్తారు.

కారణం ఫోకస్. చీకట్లో ఒక్క చుక్క వెలుగు తప్ప ఇంకేమీ లేకపోతే ఆటోఫోకస్‌కి పట్టు దొరకదు. ముందుకీ వెనక్కీ వెతుక్కుంటూ ఉంటుంది. ఆ వెతుకులాటే మీకు కనిపించే ఊపిరి. ఫోకస్ తప్పిన చుక్క వెలుగు లెన్స్ రంధ్రం ఏ ఆకారంలో ఉంటే ఆ ఆకారంలో పడుతుంది. కొన్ని కెమెరాల్లో గుండ్రంగా, కొన్నిట్లో వజ్రంలా. ఇందులో పెద్ద పెద్దవాళ్లూ బోల్తా పడ్డారు. అమెరికా నౌకాదళం నైట్ విజన్ పరికరంలోంచి తీసిన ఒక త్రికోణాల వీడియో ప్రపంచమంతా తిరిగింది. 2022 మే నెలలో ఆ దేశ పార్లమెంటు విచారణలో రక్షణ శాఖ అధికారులే అవి డ్రోన్లని, వెలుగు ఆ పరికరంలోంచి కెమెరాలోకి వెళ్లడం వల్లే త్రికోణంలా కనిపించిందని చెప్పారు.

పరిష్కారం: ఫోన్ కెమెరాలో ప్రో మోడ్ (అన్నీ మనమే మార్చుకునే పద్ధతి) ఉంటే ఫోకస్‌ని చేత్తో కొండ గుర్తు దాకా జరపండి, బాగా దూరానికి గుర్తు అదే. లేకపోతే దూరంగా నిలిచిన ఓడ దీపం మీద వేలు నొక్కి పట్టుకుని ఫోకస్ లాక్ చేసి, ఫోన్‌ని ఆ వెలుగు వైపు తిప్పండి. ఐదు రెట్లు, పది రెట్లు దాటిన జూమ్‌లో చాలా ఫోన్లు చూపించేది ఊహించి నింపిన బొమ్మే, ఆ జోలికి పోకండి. ఇంకో పరీక్ష నాకు చాలా ఇష్టం. అదే సెట్టింగ్‌తో పక్కనున్న మామూలు నక్షత్రాన్ని తీయండి. అదీ పళ్లెం అయిపోతే మీ పని సులువైపోయింది.

సమస్య: రంగులు మారుతోంది, ఒక చోటే ఉంది

నా కేసు ఇదే. సముద్రపు అంచుకు దగ్గరగా ఉన్న నక్షత్రం వెలుగు మందమైన గాలి పొరలు దాటి రావాలి. గాలి కదిలినప్పుడల్లా ఒక్కో రంగు ఒక్కో పక్కకు వంగుతుంది. మనకు అది మిణుకుమిణుకుమంటూ రంగులు మార్చినట్టు ఉంటుంది. డిసెంబర్ మధ్యలో సిరియస్ రాత్రి ఏడున్నర ప్రాంతంలో తూర్పుకు కొంచెం దక్షిణంగా, సరిగ్గా సముద్రంలోంచి లేస్తుంది. ఫిబ్రవరిలో రాత్రి తొమ్మిదికి దక్షిణాన ఇంకొకటి ఉంటుంది, అగస్త్య నక్షత్రం. విశాఖ నుంచి అది ఎప్పుడూ ఇరవై డిగ్రీల ఎత్తు దాటదు. ఆర్కే బీచ్‌లో డాల్ఫిన్స్ నోస్ కొండకు ఎడమ పక్కన, సముద్రం మీద వేలాడుతున్నట్టు ఉంటుంది. తెల్లవారుజామున వచ్చే ఫోన్లలో ఎక్కువ వేగుచుక్క గురించే. శుక్రుడు తూర్పున అంత ప్రకాశంగా ఉంటే ఎవరికైనా అనుమానం వస్తుంది, తప్పు లేదు.

పరిష్కారం: చెయ్యి చాచి పిడికిలి బిగిస్తే ఆకాశంలో సుమారు 10 డిగ్రీలు. ఆకాశం గంటకు 15 డిగ్రీలు తిరుగుతుంది. గంట తర్వాత ఆ వెలుగు చుట్టుపక్కల నక్షత్రాలతో కలిసి పిడికిలి, పిడికిలిన్నర జరిగితే ఇంక చర్చ అక్కర్లేదు. అంత ఓపిక లేకపోతే ఏ నక్షత్రం ఎక్కడుందో చూపించే స్టెలేరియం యాప్ తెరిచి ఆ వైపు పట్టుకోండి.

సమస్య: వంకరటింకరగా గెంతుతోంది

చీకట్లో ఒకే చుక్కని కళ్లార్పకుండా చూస్తూ కూర్చుంటే అది కదిలినట్టే ఉంటుంది. ఆనుకోవడానికి ఇంకేమీ లేక కంటికి కలిగే భ్రమ అది. ఫోన్‌తో అయితే చేతి వణుకు, దాన్ని సరిచేయాలని చూసే స్టెబిలైజేషన్ రెండూ కలిసి చుక్కను గెంతిస్తాయి.

ఫోన్‌ని గోడకో స్కూటర్ సీటుకో ఆనించండి. ఫ్రేమ్‌లో కరెంటు స్తంభమో, కొబ్బరి మట్టో, మేడ అంచో ఏదో ఒకటి పడాలి. నల్లటి తెర మీద ఒంటరి చుక్క ఉన్న వీడియో చూసి ఎవరూ ఏమీ చెప్పలేరు. నేనైతే అలాంటివి చివరిదాకా చూడను కూడా.

సమస్య: సముద్రం మీద నిమిషాల తరబడి ఆగి, ఒక్కసారిగా పక్కకు పోయింది

మన ఎయిర్‌పోర్టుకి సముద్రం వైపు నుంచి దిగే విమానం ల్యాండింగ్ లైట్లు వేసుకుని నేరుగా మీ వైపు వస్తుంటే, చాలాసేపు కదలదు. వెలుగు మాత్రం పెరుగుతుంది. మలుపు తిరిగాక వేగం కనిపిస్తుంది, ఎడమ రెక్క ఎరుపు, కుడి రెక్క ఆకుపచ్చ బయటపడతాయి. ఏ విమానం ఎక్కడుందో మ్యాప్‌లో చూపించే ఫ్లైట్‌రాడార్ యాప్‌లో చూసుకోండి. అయితే అందులో లేదు కాబట్టి విమానం కాదని తీర్మానించకండి. ఇక్కడి రన్‌వే నౌకాదళం వారి విమాన స్థావరం ఐఎన్ఎస్ డేగాది. వాళ్ల హెలికాప్టర్లు ఆ మ్యాప్‌లో కనిపించాలని లేదు. దగ్గరగా వెళ్లి చూద్దామని మీ డ్రోన్ ఎగరేయడం అసలే వద్దు. నౌకాదళ స్థావరాల చుట్టూ మూడు కిలోమీటర్ల లోపల అనుమతి లేకుండా ఎగరేస్తే కూల్చేస్తారు, కేసు కూడా అవుతుంది.

సమస్య: వరసలో లైట్లు

ముందు రంగు చూడండి. తెల్లగా, ముత్యాల దండలా, చప్పుడు లేకుండా, ఒకే దారిలో పోతుంటే స్టార్‌లింక్, అంటే ఇంటర్నెట్ కోసం గుంపులుగా పంపే ఉపగ్రహాలు. 2019 మే 24న మొదటి 60 ఉపగ్రహాల గుంపు వెళ్లినప్పటి నుంచి ప్రపంచమంతా ఈ దండను చూసి హడలిపోతూనే ఉంది. ప్రయోగం జరిగిన మొదటి కొద్ది రోజుల్లో, పొద్దు గూకాకో తెల్లవారుజామునో కనిపిస్తుంది. నడి ఆకాశంలో ఒక్కొక్కటిగా ఆరిపోతే భయపడక్కర్లేదు, భూమి నీడలోకి వెళ్లాయి. భూమి చుట్టూ తిరిగే అంతర్జాతీయ అంతరిక్ష కేంద్రం కూడా ఇలాగే ఆరిపోతుంది గానీ అది ఒంటరిగా, మరింత ప్రకాశంగా ఉంటుంది.

నారింజ రంగులో, ఎగుడుదిగుడుగా, గాలివాటున పోతుంటే ఎవరో వదిలిన కాగితపు లాంతర్లు. గాలి ఎటు వీస్తోందో చూడండి. సాయంత్రం మన దగ్గర గాలి సముద్రం నుంచి ఊరి మీదికి వస్తుంది, బాగా రాత్రయ్యాక తిరగబడుతుంది. లాంతరు గాలికి ఎదురెళ్లదు. బాగా మండుతూ, పొగ వదులుతూ నెమ్మదిగా కిందికి దిగితే నౌకాదళం వెలుగు కోసం వదిలే ఫ్లేర్లు. నేవీ డే రిహార్సల్స్ రోజుల్లో బీచ్ రోడ్డు వాళ్లకి ఇవి అలవాటే.

సమస్య: కంటికి కనిపించలేదు, ఫోన్‌లో పడింది

వీధి దీపం ప్రతిబింబం లెన్స్‌లో పడింది. ఫోన్ కొంచెం కదపండి, దీపం ఒక వైపు జరిగితే ఇది ఎదురు వైపు జరుగుతుంది. కారు అద్దంలోంచీ, బాల్కనీ అద్దంలోంచీ తీసినవాటి కథ కూడా ఇంతే.

సమస్య: మబ్బులో నారింజ వెలుగు ఎగసిపడుతోంది

మల్కాపురం వైపా? అక్కడి చమురు రిఫైనరీ మంట. గుండ్రంగా తిరుగుతోందా? ఏదో ఫంక్షన్ హాలు ఫోకస్ లైటు.

సమస్య: పొగ, తోక, ముక్కలు

ఒకటి రెండు సెకన్లలో అయిపోతే ఉల్క. నెమ్మదిగా, ముక్కలు ముక్కలుగా విడిపోతూ నిమిషం దాకా సాగితే రాకెట్ శకలం. 2022 ఏప్రిల్ 2 రాత్రి మహారాష్ట్ర ఆకాశంలో కనిపించింది అదే, చంద్రపూర్ జిల్లాలో ఒక పెద్ద లోహపు వలయం కూడా పడింది. పొద్దు గూకిన వెంటనే పెద్ద టార్చిలా విచ్చుకునే తెల్లటి వెలుగైతే క్షిపణినో రాకెట్‌నో అనుమానించండి. మన దగ్గర చీకటి పడినా అంత ఎత్తులో ఎండ ఉంటుంది, పొగ ఆ ఎండలో మెరుస్తుంది. 2022 డిసెంబర్ 15న ఒడిశా తీరం నుంచి అగ్ని-5 క్షిపణిని పరీక్షించినప్పుడు కోల్‌కతా జనం ఇలాంటి వెలుగే చూసి కంగారు పడ్డారు. ఇలాంటి పరీక్షలకు ముందు బంగాళాఖాతం మీద విమానాలకు హెచ్చరిక ఇస్తారు, వెతికితే దొరుకుతుంది.

సమస్య: ఇవన్నీ చూశాను, ఏదీ కాదు, అయినా ఎవరూ నమ్మట్లేదు

నమ్మకపోవడానికి కారణం సాధారణంగా వీడియో కాదు, దానితో పాటు రావాల్సిన వివరాలు. నాసా వేసిన నిపుణుల బృందం 2023 సెప్టెంబర్‌లో ఇచ్చిన నివేదికలో బాధపడింది కూడా దీని గురించే, మంచి డేటా లేదని. వాట్సాప్‌లో మామూలుగా పంపిన వీడియో నలిగి చిన్నదైపోతుంది. అసలు ఫైల్‌ని డాక్యుమెంట్‌గా పంపండి, ఫోన్‌లో ఉన్నది చెరపకండి, పాట కలపకండి. రాసేటప్పుడు ఇలా రాయండి: "జోడుగుళ్లపాలెం దగ్గర బీచ్ రోడ్డు. రాత్రి 7.52. ఆగ్నేయం, రెండు పిడికిళ్ల ఎత్తు. ఆరు నిమిషాలు కనిపించింది. మూడు రెట్ల జూమ్. గాలి సముద్రం వైపు నుంచి. ఏమిటో తెలియలేదు."

ఇదంతా వీడియో కింద కాదు, వీడియో మీదే పడేలా రాయండి. ఫార్వర్డ్‌లలో కింద రాసింది పోతుంది. నేను అప్పట్లో రాయలేదు. పోయిన నెల నా సిరియస్ నాకే తిరిగొచ్చింది, "నిన్న రాత్రి భీమిలిలో" అని.