మాయాప్రళయం రాయబోయే ముందు: కల్పిత లోకం కట్టేవాళ్లకు జాగ్రత్తలు

మంత్రాలకు చింతకాయలు రాలవని సామెత. మీ లోకంలో రాలతాయి, సరే. మంత్రానికి ఎన్ని రాలతాయి, రాల్చినవాడికి ఏం పోతుంది, చెట్టు మళ్లీ ఎన్నాళ్లకు కాస్తుంది? ఈ మూడూ ప్రళయం అధ్యాయం ఎత్తుకోకముందే కాగితం మీద ఉండాలి. లేకపోతే ఐదో అధ్యాయంలో కొండను పిండి చేసిన మాంత్రికుడు, పదో అధ్యాయంలో తెగిన వంతెన దగ్గర బిక్కమొహం వేసుకుని నిలబడతాడు.

ప్రళయం జరిగే రాత్రి గురించి పెద్ద బెంగ అక్కర్లేదు, అది ఎవరైనా రాస్తారు. ఒక్కటి మాత్రం చూసుకోండి: వెలుగు ముందు, చప్పుడు తర్వాత. కిలోమీటరుకు సుమారు మూడు సెకన్లు. ముప్పై కిలోమీటర్ల అవతల ఊళ్లో ఆకాశం తెల్లబడ్డాక చప్పుడు రావడానికి నిమిషంన్నర పడుతుంది. ఆ నిమిషంన్నరలో ఎవరు ఏం చేశారన్నదే మీ సన్నివేశం. 1883లో ఇండోనేషియాలో క్రకటోవా అగ్నిపర్వతం పేలినప్పుడు సుమారు 4,800 కిలోమీటర్ల దూరంలోని రోడ్రిగ్స్ దీవిలో ఆ మోత వినిపించింది, నాలుగు గంటల తర్వాత. విన్నవాళ్లు దూరంగా ఫిరంగులు పేలుతున్నాయనుకున్నారు. మీ పాత్రలూ మొదట తప్పుగానే అనుకోవాలి.

అసలు జాగ్రత్త తెల్లారాక మొదలవుతుంది. ఆకాశం నుంచి బూడిద రాలిందనుకుందాం. పది సెంటీమీటర్ల పొడి బూడిద చదరపు మీటరుకు 40 నుంచి 70 కిలోలు తూగుతుంది. వాన పడితే 100 దాటి 125 దాకా పోతుంది. ఐదు మీటర్ల పొడవు, నాలుగు మీటర్ల వెడల్పు ఉన్న పెంకుటింటి కప్పు మీద అది రెండు, రెండున్నర టన్నులు. దూలం ముందు కిర్రుమంటుంది, గోడ మీద ఆనిన చోట మట్టి రాలుతుంది, తర్వాత కప్పంతా ఒక్కసారిగా కూర్చుంటుంది. 1991 జూన్‌లో ఫిలిప్పీన్స్‌లో పినటూబో అగ్నిపర్వతం పేలిన రోజే తుపాను కూడా వచ్చింది. తడి బూడిద బరువుకు కప్పులు కూలి జనం పోయారు. కాబట్టి మీ కథలో ఊరి పెద్ద తెలివైనవాడైతే వాన పడకముందే కప్పులు దులిపిస్తాడు, అదీ రెండు వాలుల మీదా సమంగా. ఒక పక్కే ఖాళీ చేస్తే బరువు రెండో పక్కకు ఒరుగుతుంది. తెలివిలేనివాడైతే నీళ్లు పోసి కడిగిస్తాడు.

ఎక్కువమంది తప్పే చోటు తిండి. వెయ్యి మంది ఉన్న ఊరు, మనిషికి రోజుకు అరకిలో గింజలు. రోజుకు ఐదు క్వింటాళ్లు, నెలకు 150. డెబ్భై ఐదు కిలోల బస్తాలైతే రెండు వందలు. బండికి పది బస్తాల చొప్పున ఇరవై బండ్లు, నలభై ఎద్దులు. ఆ ఎద్దులు రోజుకు పాతిక కిలోమీటర్లు నడవడమే గొప్ప, వాటికీ మేత కావాలి. దారి పొడవునా గడ్డి మీద బూడిద ఉంటే? ఐస్‌లాండ్‌లో 1783లో లాకి అగ్నిపర్వతపు పగుళ్లు ఎనిమిది నెలలు లావా, విషవాయువులు కక్కాయి. గడ్డికి ఫ్లోరిన్ విషం పట్టి గొర్రెల్లో సుమారు 80 శాతం చచ్చాయి. ఆ వెనకే వచ్చిన కరువుకు దేశజనాభాలో ఐదో వంతు పోయింది. మొదటి రాత్రి చచ్చినవాళ్ల లెక్క కాదు, పాతరలో మిగిలిన విత్తనపు గింజల లెక్క రాసుకోండి. వాటిని తినాల్సిన రోజు ఏదో తేదీతో సహా తేల్చుకోండి. కథ బిగుసుకునేది ఆ రోజే.

దూరపు రాజ్యాల్ని మరవకండి. ఇండోనేషియాలో తంబోరా అగ్నిపర్వతం పేలింది 1815 ఏప్రిల్‌లో, ఆ పొగ ఎండను మందగించి యూరప్‌లో పంటలు పోయింది 1816 వేసవిలో. అక్కడి రైతుకు తన చేను ఎందుకు పోయిందో తెలీదు, తెలియనివ్వకండి కూడా. ఇక మన నంద్యాల జిల్లా జ్వాలాపురంలో ఇప్పటికీ తవ్వితే సుమాత్రా దీవిలోని తోబా అగ్నిపర్వతం బూడిద దొరుకుతుంది, సుమారు 74 వేల ఏళ్ల నాటిది. బూడిద పొర కిందా రాతి పనిముట్లున్నాయి, పైనా ఉన్నాయి. అంటే మనుషులు అంతకు ముందూ ఉన్నారు, తర్వాతా ఉన్నారు.

నేలలో మిగిలే శాపానికి అరిగే కొలత పెట్టండి. పదేళ్లకు సగమయ్యేదైతే ముప్పై ఏళ్లకు ఎనిమిదో వంతు మిగులుతుంది, సున్నా కాదు. చెర్నోబిల్ అణువిద్యుత్ కేంద్రం పేలాక పక్కనున్న ప్రిప్యత్ ఊరి జనాన్ని మూడు రోజులకని చెప్పి బస్సులెక్కించారు. అక్కడి నేలలో పడిన సీసియం-137 అనే అణుధార్మిక పదార్థం సగం కావడానికే 30 ఏళ్లు. ఇళ్లు వదిలేటప్పుడు మనుషులు ఏం తీసుకెళ్తారో, ఏం పొయ్యి మీదే వదిలేస్తారో ఆ ‘మూడు రోజులు’ అన్న మాటే తేలుస్తుంది.

సముద్రం ఊరి మీద పడే కథైతే ఉప్పు సంగతి చూడాలి. 1977 నవంబర్ 19న దివిసీమను ముంచిన ఉప్పెన వెనక్కి పోయింది, ఉప్పు చేలల్లో ఉండిపోయింది. ఉప్పు పొలానికి గట్టు వేసి, మంచినీళ్లు నిలగట్టి, బయటికి తీసేయాలి, మళ్లీ మళ్లీ. నీళ్లు పోయే దారి లేకపోతే ఎంత పెట్టినా ఉప్పు పైకే తేలుతుంది. మీ మాంత్రికుడు వాన కురిపించగలడేమో, కాలవ ఎవరు తవ్వుతారు?

వారం వారం సీరియల్‌గా వేసేవాళ్లు మూడో పంట దాకా లెక్క వేసుకున్నాకే మొదటి భాగం వదలండి. ఎద్దులు నలభై అని ఒకసారి అచ్చయ్యాక నలభై ఒకటోది ఎక్కడినుంచీ రాదు.