శుభలేఖ అట్టతో ఫోర్ట్రాన్ కార్డు
హన్మకొండ బడిపిల్లలకు 1957 నాటి కంప్యూటర్ భాష ఫోర్ట్రాన్ చూపించడానికి పాత శుభలేఖ అట్ట చాలు. అప్పట్లో ప్రోగ్రాంలోని ఒక్కో ఆదేశాన్ని కార్డు మీద చిల్లులుగా కొట్టేవారు. అసలు కార్డులో 80 నిలువు వరుసలు, 12 అడ్డ వరుసలు. సెంటీమీటరు గళ్లు గీసి, మొదటి 14 నిలువులే తీసుకోండి.

అడ్డ వరుసలకు పైనుంచి 12, 11, 0, ఆపై 1 నుంచి 9 వేయండి. ఒకటో నిలువులో 12, 3 గళ్లు కొయ్యండి: అది ‘సి’, అంటే వ్యాఖ్య, కంప్యూటర్ పట్టించుకోని మాట. 7 నుంచి 14 దాకా ఇంగ్లిష్‌లో ‘వరంగల్’: డబ్ల్యూకు 0, 6, ఏకు 12, 1, ఆర్‌కు 11, 9, ఎన్‌కు 11, 5, జీకి 12, 7, ఎల్‌కు 11, 3. కాగితాలకు చిల్లులు కొట్టే పంచింగ్ మిషన్ అట్ట నడిమికి అందదు, కింద చెక్క పెట్టి బ్లేడుతో కొయ్యాలి.

మామూలు ఆదేశాల కార్డులో 6వ నిలువు జాగ్రత్త! అక్కడ సున్నా కాని అక్షరం పడితే వెనకటి కార్డుకు కొనసాగింపు అవుతుంది. 73 నుంచి 80 దాకా నిలువుల్లో కార్డుల వరుస సంఖ్యలు. కట్ట చేజారి కిందపడితే మళ్లీ పేర్చడానికి అవే దిక్కు.