సింగర్ మారాక బ్యాండ్‌ని ఎలా వినాలంటే

బాలు గారి గొంతుతో పెరిగిన నెల్లూరు వాళ్లం కదా, పాట అనగానే మన చెవి ముందు పాడేవాళ్ల దగ్గరికే పోతుంది. రాక్ బ్యాండ్ వినేటప్పుడు మాత్రం ఆ అలవాటు కాసేపు పక్కన పెట్టి, ఎవరు మారలేదో ముందు చూడండి. నేనైతే బ్లాక్ సబ్బత్ అనే బ్రిటిష్ బ్యాండ్‌తో మొదలుపెట్టమంటాను, ఎందుకంటే ఎంతమంది వచ్చిపోయినా ప్రతి ఆల్బమ్‌లోనూ టోనీ అయోమీ గిటార్ ఉంటుంది.

ఒంగోలులో పినాకిని ఎక్స్‌ప్రెస్ ఎక్కి ఇయర్‌ఫోన్స్ పెట్టుకోండి. కావలి దాకా 1970 నాటి 'పారనాయిడ్', అక్కణ్ణుంచి నెల్లూరు దాకా 1980 నాటి 'హెవెన్ అండ్ హెల్'. ఒక్కోటి అటూఇటూగా 40 నిమిషాలు, పాటలు దాటేయకుండా వినాలి. మొదటిదాంట్లో పాడింది ఓజీ ఆస్‌బోర్న్, రెండోదాంట్లో రానీ జేమ్స్ డియో. 'పారనాయిడ్'లోని 'ఐరన్ మ్యాన్' పాటలో గిటార్ రిఫ్ (మళ్లీ మళ్లీ వచ్చే చిన్న ట్యూన్) ఎటు పోతే ఓజీ గొంతు అటే పోతుంది. 'హెవెన్ అండ్ హెల్' టైటిల్ పాటకొచ్చేసరికి చరణంలో గిటార్ వెనక్కి తగ్గుతుంది, బాస్ గిటార్ నడుస్తూ ఉంటే దాని మీద డియో తన దారిన తను పాడుకుంటూ పోతాడు. కొత్త గొంతుకి అయోమీ అలా చోటిచ్చాడు, ఈ బ్యాండ్‌లో నాకు అన్నిటికన్నా ఇష్టమైన సంగతి ఇదే. మాటలూ మారాయి: అంతకుముందు ఎక్కువగా బాసిస్ట్ గీజర్ బట్లర్ రాసేవాడు, డియో తన పాటలు తనే రాసుకున్నాడు.

అలాగని మార్పంతా సింగర్ ఖాతాలో వేసేయకండి. ఓజీ ఉండగానే, 1971లో 'మాస్టర్ ఆఫ్ రియాలిటీ'కి వచ్చేసరికి అయోమీ చాలా పాటల్లో ట్యూనింగ్ మూడు స్వరస్థానాలు కిందికి దించేశాడు. ఫ్యాక్టరీ ప్రమాదంలో రెండు వేళ్ల కొసలు పోయిన మనిషికి అలా వదులైన తీగలు నొక్కడం తేలిక, దాంతో సౌండ్ కూడా బాగా బరువెక్కింది.

ప్రొడ్యూసర్ పేరు కూడా ప్రతిసారీ చూడండి. 'హెవెన్ అండ్ హెల్'కి మార్టిన్ బిర్చ్ కొత్తగా వచ్చాడు, అందుకే ఆ తేడాలో ఆయన వాటా ఎంతో కూడా లెక్కేయాలి. దీనికి ఏసీ/డీసీ అనే బ్యాండ్ మంచి పరీక్ష. 1980 ఫిబ్రవరిలో వాళ్ల సింగర్ బాన్ స్కాట్ చనిపోయాడు, ఆ చోట్లోకి బ్రయాన్ జాన్సన్ వచ్చాడు, జూలైకల్లా 'బ్యాక్ ఇన్ బ్లాక్' ఆల్బమ్ బయటికొచ్చింది. యంగ్ అన్నదమ్ముల గిటార్లు, ప్రొడ్యూసర్ మట్ లాంగ్ మాత్రం 1979 'హైవే టు హెల్'లో ఉన్నవాళ్లే, అందుకే గొంతు వేరైనా బ్యాండ్ ఏదో మొదటి రిఫ్‌కే తెలిసిపోతుంది.

ఇవి అయ్యాక మళ్లీ సబ్బత్‌కి వచ్చి, ఇయాన్ గిలన్ పాడిన 1983 నాటి 'బార్న్ అగైన్' పెట్టుకోండి. అందులో అయోమీ గొంతుకి ఎక్కడ చోటు వదిలాడో, ఎక్కడ వదల్లేదో ఈసారి మీరే పట్టుకోండి.