సత్యభామ తెలిసిన పిల్లలకు మాట్స్ ఏక్ ‘జిసెల్’ చూపించడం ఎలా

కోనసీమలో కూచిపూడి నేర్పే టీచర్లెవరైనా పెద్ద పిల్లలకు ఒక పాశ్చాత్య బ్యాలే చూపించాలనుకుంటే, స్వీడన్ నృత్య దర్శకుడు మాట్స్ ఏక్ 1982లో చేసిన ‘జిసెల్’ చూపించమంటాను. అమలాపురంలో నా క్లాసులో చేసే పద్ధతి చెబుతాను.

ముందు టీవీ పెట్టకండి. పాత కథ చెప్పండి. 1841లో పారిస్‌లో మొదట ఆడిన ‘జిసెల్’లో, జిసెల్ అనే పల్లెటూరి అమ్మాయిని ఒక జమీందారీ బిడ్డ మారువేషంలో వచ్చి ప్రేమలో దింపుతాడు. పేరు ఆల్బ్రెక్ట్. అతనికి వేరే పెళ్ళి కుదిరిందని తెలిసి, ఆమె మతి చెడి చనిపోతుంది. రెండో అంకంలో, పెళ్ళి కాకుండానే పోయిన ఆడపిల్లల ఆత్మలు అడవిలో మగవాళ్ళను చచ్చేదాకా ఆడిస్తాయి. ఆల్బ్రెక్ట్‌ను మాత్రం, తనూ ఆత్మగా మారిన జిసెల్లే కాపాడుతుంది. కామందు, కూలి అనే తేడా మన పిల్లలకు విడమరచి చెప్పక్కర్లేదు. భామాకలాపం పదిసార్లు చూసినవాళ్ళకే కదా కొత్త సత్యభామ జడ విసురులో ఏం మార్చిందో కనబడేది! ఇదీ అంతే, పాత కథ తెలియకపోతే ఏక్ మార్చింది కనబడదు.

తర్వాత అందరినీ అరమండిలో, అంటే మోకాళ్ళు పక్కలకు విప్పి సగం కూర్చున్న భంగిమలో, నిలబెట్టండి. తొడలు లాగడం మొదలయ్యాక టీవీ పెట్టండి. బ్యాలే అంటే మునివేళ్ళ మీద తేలిపోవడమే అనుకుంటారు పిల్లలు. ఇక్కడ మునివేళ్ళ మీద నిలబెట్టే ఆ బూట్లు లేవు. మోకాళ్ళు వెడల్పుగా విప్పి, ఒళ్ళంతా నేలకు దిగిపోతుంది. “మన అరమండే టీచర్!” అని అరుస్తారు. అప్పుడు వెన్ను చూడమనండి. మన వెన్ను నిటారుగా ఉంటుంది. జిసెల్‌గా చేసిన ఆనా లగూనా వెన్ను వంగుతుంది, ఒక్కసారిగా విరిగినట్టు పడుతుంది. ముఖం కన్నా ముందు ఆ వెన్నే బాధ చెబుతుంది. ఈ ఒక్క సంగతి మీద ఎంతసేపు గడిపినా పర్లేదు.

మధ్యలో ఆపి మాట్స్ ఏక్ వాళ్ళమ్మ గురించి చెప్పండి. ఆమె కూడా నృత్య దర్శకురాలే. బిర్గిట్ కుల్‌బెర్గ్ 1908లో పుట్టింది. ఇంగ్లండ్‌లోని డార్టింగ్టన్ హాల్‌లో జర్మన్ నృత్య దర్శకుడు కర్ట్ యోస్ దగ్గర నేర్చుకోవడానికి వెళ్ళింది 1935లో. 1950లో స్వీడన్ రచయిత స్ట్రిండ్‌బర్గ్ నాటకం ‘మిస్ జూలీ’ని బ్యాలేగా చేసింది. అందులోనూ దొర కూతురు, నౌకరు. 1967లో సొంత బృందం పెట్టింది. మాట్స్ ముందు నాటకాల వైపు పనిచేసి, ఇరవై ఏడు, ఇరవై ఎనిమిదేళ్ళప్పుడు ఆ బృందంలో డాన్సర్‌గా చేరాడు. “మా అమ్మాయికి పదిహేనొచ్చేశాయండి, ఇంకేం నేర్చుకుంటుంది” అనే తల్లులకు ఈ వయసుల లెక్క నేను తప్పకుండా చెబుతాను. ఆయ్, అంటారు గానీ ఫీజు మాత్రం ఆలోచించి కడతారు.

రెండో అంకానికి సౌండ్ పెంచండి. అడాల్ఫ్ ఆడమ్ పాత సంగీతమే వినిపిస్తుంది, అడవి మాత్రం ఉండదు. జిసెల్ చనిపోలేదు, పిచ్చాసుపత్రిలో ఉంది. తెల్లబట్టల ఆత్మల చోట తెల్లబట్టల రోగులు, వాళ్ళ రాణి మిర్తా చోట నర్సు. పిల్లలు ఇక్కడ నిశ్శబ్దమైపోతారు, మీరూ ఏమీ మాట్లాడకండి.

ఒక జాగ్రత్త. చివర్లో ఆల్బ్రెక్ట్ ఒంటి మీద నూలుపోగు లేకుండా మిగులుతాడు. జిసెల్‌ను ప్రేమించిన పల్లెటూరి హిలారియన్, తన పోటీవాడే అయినా, అతనికి దుప్పటి కప్పుతాడు. నాకు మొత్తంలో అన్నిటికన్నా నచ్చిన ఘట్టం అది. కానీ తాతయ్యలు కూడా వచ్చి కూర్చునే మన ఊళ్ళలో టెన్షన్ ఎందుకు? అక్కడికి ముందే ఆపి, నోటితో చెప్పేయండి. ఫోన్‌లో చూపించొద్దు, ఆ తెరలో వెన్ను కనబడదు.

మర్నాడు క్లాసులో సత్యభామ విరహం చేయించండి, ముద్రలు పట్టకుండా, ముఖం తిప్పేసి, వీపు మనవైపు పెట్టి.